ఒక్క ఎలుక సరిపోని కథ

‘ఏక్ అనేక్ ఔర్ ఏక్తా’ 1974లో ఫిలిమ్స్ డివిజన్ ద్వారా వెలువడిన సుమారు ఏడు నిమిషాల యానిమేషన్ చిత్రం. దర్శకుడు భీమ్‌సేన్, రచన విజయ ములే, సంగీతం వసంత దేశాయ్. ఈ వారం అచ్చంపేటలో పిల్లలు కొందరు దానిని చూస్తుండగా, బొమ్మలు కదలడమే లేదని పెద్దలు తీసిపారేయడం ఈ కాలమ్ పాఠకులకు చిరపరిచితమైన వాదాన్ని మళ్లీ ముందుకు తెచ్చింది.

సినిమాకు సెకనుకు 24 ఫ్రేములు, అంటే నిశ్చల చిత్రాలు, అవసరం కనుక ఏడు నిమిషాలకు 10,080 కావాలి. అన్నింటికీ కొత్త బొమ్మ గీయడం చిన్న బృందానికి తలకు మించిన భారం కావడంతో, దేహాన్ని నిలిపి ఉంచి నోటినో రెక్కనో మాత్రమే మార్చే పద్ధతి పుట్టింది. దీనినే పరిమిత యానిమేషన్ అంటారు. తోలుబొమ్మలాట మొదలు బడి గోడపత్రిక దాకా, లేమియే కళకు మెరుగు పెడుతుందన్నది ఈ కాలమ్ విడిచిపెట్టని పట్టు.

అయితే పక్షులు వలతో సహా ఎగిరిపోయే ఆ చిత్రకథ తెలుగువారికి కొత్తది కాదు. 1853లో పరవస్తు చిన్నయసూరి ప్రకటించిన నీతిచంద్రికలో, మిత్రలాభ భాగంలో, పావురాల రాజు చిత్రగ్రీవుడు తనవారితో కలసి ఎగిరి హిరణ్యకుడనే ఎలుకను చేరతాడు. మిత్రుని బంధాలే ముందు కొరుకుతానని ఎలుక పట్టుబట్టగా, ముందు తనవారిని విడిపించమని రాజు వాదిస్తాడు. పూర్వం పాఠాలు వల్లించిన తరాలకు ఈ సంభాషణే ఆ కథకు ప్రాణం. చిత్రంలో రాజు లేడు. ఉపాయం చెప్పేది గుంపులోని ఒక తెలివైన పిట్ట, వల కొరికేవి అనేక ఎలుకలు.

ఇక్కడే పాత పట్టు సడలుతున్నది. పొదుపే లక్ష్యమైతే గీయడానికి హిరణ్యకుడొక్కడు చాలును, ఎలుకల గుంపు అక్కరలేదు. రాజును తొలగించి గుంపును నిలపడం బడ్జెట్టు చేసిన పని కాదు, అది కథ గురించి చేసిన నిర్ణయం. చిత్రానికి జాతీయ ఉత్తమ విద్యా చిత్ర పురస్కారం తెచ్చిన స్పష్టతను లేమి ఖాతాలో వేయడం ఆ రచయిత్రికీ దర్శకునికీ అన్యాయమే అవుతుంది. ఆ నిర్ణయానికి మూల్యమూ లేకపోలేదు: రాజుతో పాటు మిత్రులిద్దరి వాదమూ తప్పుకోవడంతో, తనకన్న ముందు తనవారిని తలచిన చిత్రగ్రీవుని మాట ఆ చిత్రం చూసే పిల్లలకు దక్కలేదు.