సుడులు, నడక

పెబ్బేరు సంతకు మా నాయన వెంట తొలిసారి పోయిననాడు నాకు పదేండ్లుండవచ్చును. తువ్వాలు చాటున దళారి వ్రేళ్ళు పట్టి ధర చెప్పుచుండగా, అమ్మవచ్చినవాడు కోడె మూతి విప్పి ఆరు పళ్ళని చూపుచుండగా, దాని వీపుమీది సుడి శుభమని కొందరును ఇంటికి చేటని కొందరును వాదులాడుచుండగా, నాయన అన్నియు విని విననట్లే నిలిచి, తుదకు దాని మెడపై కాడి పెట్టించి, ఇసుకలో బండి లాగించి చూచిన పిమ్మటగాని బయానా ఈయలేదు. "సుడి సంగతి దేవునికెరుక బిడ్డా, మనకు గావాల్సింది నడక" అని దారిలో అనెను.

ఫ్రెడరిక్ రాబర్ట్సు సేనాని 1897లో ప్రకటించిన స్వీయచరిత్రమును ఇటీవల చదువుచుండగా ఆ మాట జ్ఞప్తికి వచ్చినది. 1832లో కాన్పూరున పుట్టి, 1851లో బెంగాలు ఫిరంగిదళమున చేరి, 1858 జనవరి 2న ఖుదాగంజ్ వద్ద చూపిన సాహసమునకు విక్టోరియా క్రాసు పొంది, 1880 ఆగస్టులో పదివేల సైన్యముతో కాబూలునుండి కాందహారునకు మూడువందల మైళ్ళు నడచి జగత్ప్రసిద్ధుడైన ఈ పొట్టి దొర, 1881లో మద్రాసు సేనకు అధిపతియై వచ్చెను. మన సికింద్రాబాదు దండు కూడ నాడు ఆ సేనలోనిదే. సిపాయిల గురి కుదురుటకై తుపాకి పోటీలను ప్రోత్సహించి, తానును బరిలో దిగినవాడాయన. అంతవరకు మా నాయన పద్ధతియే. కాని దీర్ఘకాల శాంతిచే దక్షిణాది సిపాయికి పూర్వపు శౌర్యము నశించినదని నిశ్చయించి, 1885లో భారతసేన కంతటికిని అధిపతియైన పిదప గూర్ఖాలను, సిక్కులను, పఠానులను ఆదరించి, మద్రాసు పటాలముల ప్రాధాన్యమును తగ్గించెను. శాంతిచే మెత్తబడినవానిని కాడి కట్టి సాధు చేయవలెను గాని కొట్టమునుండి తోలివేయుదురా?

ఉత్తరదేశమున సిపాయికి 'తిలంగా' యను పేరు పడినదే మనవారి వలన. క్లైవు వెంట వంగదేశమునకు పోయిన మద్రాసు సిపాయిలను అచ్చటివా రట్లు పిలిచిరి. పేరు నిలిచి, ఊరు మరుగై, 1857లో ఢిల్లీ జనులు తెలుగు మాట యెరుగని అవధు సిపాయిలను సయితము తిలంగాలనియే అనిరి. ఖుదాగంజ్ వద్ద రాబర్ట్సు ధ్వజము గుంజుకొనినది కూడ ఇద్దరు సిపాయిల చేతినుండియే, అనగా ఆనాటి వాడుకలో తిలంగాల చేతినుండియే!

వంశమునుబట్టి శౌర్యము నెంచిన ఈయన వంశమెట్టిది? ఈయన ముత్తాత, ఐర్లండులోని వాటర్‌ఫర్డు నగరమున పేరొందిన వాస్తుశిల్పి, సాటెల్ అను హ్యూగెనాట్ కుటుంబపు కన్యను పెండ్లాడెను. హ్యూగెనాట్లన ఫ్రాన్సు దేశపు ప్రొటెస్టెంటులు. పదునాలుగవ లూయీ 1685లో, వారికి మతస్వేచ్ఛ నిచ్చిన నాంటు శాసనమును రద్దు చేయగా, మతము విడువనొల్లక ఇల్లు వాకిలి విడిచి ఇంగ్లండు, ఐర్లండు, హాలండులకును, ఆఫ్రికా దక్షిణాగ్రమునకును చెదరిపోయినవారు. తమ రాజునకు పనికిరానివారై పరరాజుల కొలువులలో రాణించిన జాతి అది. 1900 ఫిబ్రవరి 27న, దక్షిణాఫ్రికా యుద్ధమున, పార్డెబర్గు వద్ద నాలుగువేల మంది బోయరులతో రాబర్ట్సునకు లొంగిపోయిన క్రోన్యే సేనానియు అట్టి కాందిశీకుల సంతతివాడే. ఆ ఉదయమున ఎదురెదురుగా నిలిచిన ఇద్దరికిని ఈ చుట్టరికము తట్టెనో లేదో గాని, చదువుచున్న నాకు మాత్రము పుస్తకము మూయవలసి వచ్చినది.

ఆ కోడె మా యింట పదునొకండేండ్లు దున్నినది. అయినను ఇంట నెవరికి జ్వరము వచ్చినను, బావిలో నీరు తగ్గినను, మా అవ్వ కొట్టమువైపు తిరిగి ఆ సుడినే తిట్టెడిది.