చచ్చిపోతే వినబడని సోలో

పక్క గదిలోంచి రూమ్మేట్ ఓ రాత్రి అరిచాడు: "ఏరా, ఆ మ్యూజిక్‌కి మొదలే గానీ మిగతాది లేదా?"

ఉంది. అక్కడిదాకా నేనే బతకట్లేదు.

2017లో వచ్చిన 'కప్‌హెడ్' వీడియో గేమ్. కాగ్నీ కార్నేషన్ అనే పువ్వుతో పోరు. వెనక 'ఫ్లోరల్ ఫ్యూరీ' అనే బిగ్ బ్యాండ్ బాణీ, లాటిన్ నడక. మూడు దెబ్బలు తగిలితే చావు. మళ్లీ బటన్ నొక్కితే బాణీ కూడా మళ్లీ మొదటికే.

స్వరకర్త క్రిస్టఫర్ మాడిగన్ కెనడాలో డ్రమ్స్ లాంటి తాళవాద్యాలు వాయించే మనిషి. నిజమైన వాద్యగాళ్లని కూర్చోబెట్టి రికార్డు చేశాడు. చాలా గేముల్లో శత్రువు రూపం మారితే సంగీతమూ మారుతుంది, ప్రమాదం పెరిగితే డప్పులు పెరుగుతాయి. ఇక్కడ అలాంటిదేం లేదు. పువ్వు ముళ్లతీగలు పరిచినా, నాకు ఒక్క ప్రాణమే మిగిలినా, బ్యాండ్ తన మానాన తను వాయించుకుంటూ పోతుంది. మొదట్లో నాకిది బద్ధకం అనిపించింది. కానీ పువ్వు దాడుల వరస ప్రతిసారీ మారుతుంది. రికార్డు మారదు కాబట్టి అప్పటికప్పుడు అల్లుకోవాల్సింది నేనే. మన కచేరీ భాషలో, మనోధర్మం ఆడేవాడి వేళ్లకొచ్చింది. జాజ్‌ని గేమ్‌లో పెట్టడానికి ఇంతకన్నా నిజాయితీ అయిన పద్ధతి నాకు తోచదు.

ఒక్క విషయం మాత్రం గుచ్చుతుంది. గేమ్‌లో దెయ్యానికి కుడిభుజం కింగ్ డైస్. అతని పోలికలన్నీ నల్లజాతి గాయకుడు క్యాబ్ కాలోవేవి. 1932లో ఫ్లైషర్ కార్టూన్ ఆయన నాట్యాన్ని ఒక దయ్యప్పీనుగు వాల్రస్‌కి తొడిగింది. ఎనభై ఐదేళ్ల తర్వాతా ఆ సంగీతం చిరునామా దెయ్యం కాసినోయేనా? కింగ్ డైస్ పాట 'డై హౌస్'ని అలానా బ్రిడ్జ్‌వాటర్ ఎంత బాగా పాడిందంటే, వింటున్నంతసేపూ ఈ ప్రశ్న మర్చిపోతాను. అందుకే ఇంకా ఇబ్బంది.

చివరికి పువ్వుని ఓడించాను. గెలిచిన క్షణంలోనూ బాణీ మధ్యలోనే తెగిపోయింది! చచ్చినా అంతే, గెలిచినా అంతే. పూర్తిగా వినాలంటే చావకూడదు, గెలవకూడదు. మర్నాడు మళ్లీ ఆడాను. తుపాకీ పేల్చలేదు. ఊరికే గెంతుతూ, తప్పించుకుంటూ సోలో దాకా వెళ్లాను.

"ఓహో, ఇంకా ఉందే," అన్నాడు పక్క గదిలోంచి.