బాలింత దయ్యం, చెరువు దేవత

జపాన్ చిత్రకారుడు తొరియామా సెకియెన్ 1776లో వెలువరించిన దయ్యాల బొమ్మల పుస్తకంలో 'ఉబుమె' ఉంది. పురిట్లో చనిపోయి, బిడ్డతో తిరిగే స్త్రీ. అంతకు కొన్ని వందల ఏళ్ళ ముందటి 'కొంజకు' కథల్లో ఆమె ఏటి రేవులో కనబడి, దాటే మగవాడిని బిడ్డను ఎత్తుకొమ్మని అడుగుతుంది. కథ మాత్రం ఆమెది కాదు. జడవకుండా బిడ్డను అందుకున్న యోధుడిది.

కడప పల్లెలో పెరిగిన నాకు ఉబుమె కొత్త మనిషేమీ కాదు. మా వైపు ఆమెను బాలింత దయ్యం అంటారు. పిల్లలనూ పచ్చి బాలింతలనూ పట్టుకుంటుందని భయపడతారు.

పక్కనే అనంతపురం సీమలో ముసలమ్మ ఉంది. పేరుకే ముసలమ్మ, వయసుకు పడుచు కోడలు. బుక్కరాయసముద్రం చెరువు తెగబోతుంటే ఊరి కోసం ఆమె బలి అయిందని కథ. కట్టమంచి రామలింగారెడ్డి 1899లో దాన్ని 'ముసలమ్మ మరణము' కావ్యం చేశారు. అందులో ఆమె ఇష్టపడే కట్టలోకి నడుస్తుంది. ఆ ఇష్టమే ఊరిని నేరం నుంచి తప్పిస్తుంది. అడిగిన వాళ్ళెవరు, కాదనే వీలు ఆమెకుందా అన్న ప్రశ్న కావ్య సౌందర్యంలో మునిగిపోతుంది.

ఇద్దరూ అకాలంగా చనిపోయిన ఆడవాళ్ళే. ఒకరికి పూజ, ఒకరికి భూతవైద్యుడి వేపమండ. ఈ తేడా ఎక్కడిది? ముసలమ్మ చావు ఊరికి పనికొచ్చింది. బాలింత చావు ఎవరికీ పనికిరాలేదు, పైగా జవాబు అడుగుతుంది. చిన్న వయసులో పెళ్ళి, వరస కాన్పులు, ఒంట్లో లేని రక్తం, అందని వైద్యం: ఇన్ని కారణాలున్న చావును దయ్యం చేస్తే తప్పు చచ్చినదాని మీదికే పోతుంది.

కడప జిల్లా పోరుమామిళ్ళలో 1369 నాటి చెరువు శాసనముంది. మంచి చెరువుకు కావలసిన పన్నెండు అంగాలు, రాకూడని ఆరు దోషాలు చెబుతుంది. వెయ్యిమంది కూలీలు, నూరు బండ్లు, రెండేళ్ళ పని అని లెక్క రాసింది. చెరువు దేనితో నిలుస్తుందో మన సీమకు అప్పుడే తెలుసు. అయినా జనం నోట నిలిచింది కోడలి బలి.

ఉబుమె చేతిలో బిడ్డను చూసి ఆమె భయపెడుతోందని చదివారు. నాకు ఆమె సాయం అడుగుతున్నట్టుంది. మన బాలింత దయ్యం కథలను కూడా అలా, ఆమె వైపు నుంచి సేకరించి చదవవలసి ఉంది. దేవతను చేసిన కథలను మరింత అనుమానంగా చదవాలి.