తెండూల్కర్ చిత్రరచన

మరాఠీ రంగస్థలమును కలవరపెట్టిన విజయ్ తెండూల్కర్ (1928–2008) హిందీ వెండితెరకును ఆ కలవరమునే తెచ్చినారు. శ్యామ్ బెనెగల్ తీసిన ‘నిశాంత్’ (1975) తెలంగాణపు దొరల గడీ నీడలో నడచిన కథ. దొర తమ్ములు చెరపట్టిన సుశీల, ఉపాధ్యాయుని భార్య, తుదకు తిరుగబడిన జనము చేతిలోనే హతమగును. ప్రేక్షకుడు కోరుకొన్న న్యాయమే అతనిని భయపెట్టును.

గోవింద్ నిహలానీ తీసిన ‘ఆక్రోశ్’ (1980)లో భార్యను చంపినాడను నింద మోయుచున్న గిరిజనుడు లహాన్యా, న్యాయవాది ఎన్నిమారులడిగినను నోరు విప్పడు. హిందీ సంభాషణలు సత్యదేవ్ దూబే వ్రాసినారు. ఆ మౌనము మాత్రము తెండూల్కర్‌దే. నాటకకర్త తన నాయకునికి మాటనే ఇయ్యకుండుట సామాన్యమైన సాహసము కాదు. తండ్రి చితి చెంత, భార్యకు పట్టిన గతి చెల్లెలికి పట్టరాదని ఆమెను గొడ్డలితో నరకి, అప్పుడు అరచును. ఆ అరుపు వినిపించినంతగా చెల్లెలి గొంతు ఆ చిత్రమున ఎక్కడను వినిపించదు.