ఎవరి జేబులో పెన్ను?

అరువిచ్చిన పుస్తకం తిరిగి రావడమే గొప్ప. ఈ వారం ఒకటి వచ్చింది. తెరిస్తే, నచ్చిన వాక్యాల కింద ఎవరో నల్ల మార్కర్‌తో బరబరా గీతలు లాగి ఉన్నారు. కొరియర్ పెట్టెల మీద అడ్రసు రాసే రకం. ఇటు గీసిన గీత అటు పేజీలో ప్రత్యక్షం. రెండు పేజీలూ పాడుచేసినవాడి నాన్న పేరు తలుచుకున్నాను.

ఈ కాలమ్ చదివేవారికి నా చాదస్తం తెలిసిందే. పెన్నంటే పాళీ ఉండాలి. సిరా ఆరేదాకా ఆగే ఓపికా ఉండాలి. బాల్‌పెన్ను మీద ఇక్కడ ఎన్నిసార్లు విరుచుకుపడ్డానో, రాజమండ్రి రత్నం పెన్నుల గురించి ఎన్నిసార్లు ఊదరగొట్టానో మీకే తెలుసు. మార్కర్‌ని తిట్టడానికి కూడా లెక్కలోకి తీసుకోలేదు. ఈసారి తిట్టాలంటే ముందు దాని పుట్టుపూర్వోత్తరాలు తెలియాలి కదా అని తిరగేస్తూ పోతే, జపాన్‌లో పెంటెల్ కంపెనీ దగ్గర ఆగాను.

యుద్ధంలో కుప్పకూలిన దేశంలో, 1946లో, హోరియె యుకియో పెట్టిన కంపెనీ అది. అప్పటికింకా దాని పేరు దాయ్ నిహోన్ బుంగు. మొదట్లో బడిపిల్లల క్రేయాన్లు, రంగులూ అమ్ముకుంది. 1960లో నూనె సిరాతో, మెత్తటి మొనతో ఒక మార్కర్ తెచ్చింది. చెక్క మీదా గాజు మీదా బాగానే రాసేది. కాగితం మీద పెడితే మాత్రం అవతలికి దిగిపోయేది, అచ్చం నా పుస్తకంలోలాగే. ‘మార్కరన్నాక అంతే’ అని వాళ్ళు ఊరుకోలేదు. నూనె సిరా బదులు నీటి సిరా పోశారు. యాక్రిలిక్ పోగుల్ని కట్టగా బిగించి, గట్టిపరిచి, సన్నగా మొన తీశారు. నొక్కక్కర్లేదు, మొన కాగితాన్ని తాకితే చాలు, పోగుల సందుల్లోంచి సిరా దానంతటదే వస్తుంది. 1963 నాటి ఆ సరుకు పేరు సైన్ పెన్.

తిడదామని కూర్చున్న నాకు ఇక్కడే చిక్కొచ్చింది. నొక్కకుండా, సిరా తనంతట తాను దిగి రావడం! పాళీ చీలికలోంచి సిరా జారేదీ ఆ పద్ధతిలోనే. నేను వరసలోంచి గెంటేసినవాడు మా పాళీకి దగ్గరి చుట్టమని తేలాడు. పరాయిది బాల్‌పెన్నే. ఆ ఒక్క విషయంలో నా మాట నిలబడింది.

మా ఇంట్లో పిల్లల స్కెచ్‌పెన్నులూ ఈ జాతివే. అవి ఎండిపోతే వెనక బిరడా పీకి నాలుగు చుక్కలు నీళ్ళు పోసేవాళ్ళు. నీలం కాస్తా ఆకాశమంత పలచబడేది, అయినా ఇంకో రెండు బొమ్మలకు వచ్చేది. ఎర్రదాంట్లో పచ్చది కలిపి, వేళ్ళు, చొక్కా, గోడ అన్నీ పాడుచేసి తన్నులు తిన్నవాడు ఇప్పుడు ఇంజనీరు. లోపలున్న ఆ తెల్లటి దూది కడ్డీని బయటికి లాగి, సిరా ఎక్కడ దాక్కుందో వెతికేవాడు. సిరా బుడ్డీలో ఉంటుంది, పెన్నులో పోసుకోవాలి అని నేను కేమెల్ ఇంకు సీసా చూపించి చెబితే, ‘మరి ఇందులో ముందే పోసేశారుగా’ అని తేల్చేశాడు. ఆ కేమెల్ ఇంకు తయారుచేసిన దండేకర్ల కేమ్లిన్‌లో 2011లో జపాన్ కంపెనీ కొకుయో పెద్ద వాటా కొంది. అదే కొకుయో 2019లో పెంటెల్‌నీ చేజిక్కించుకోబోతే, పెంటెల్ వాళ్ళు ససేమిరా అని, ప్లస్ అనే మరో స్టేషనరీ కంపెనీని తోడు తెచ్చుకుని గట్టెక్కారు.

అసలు కథకు వస్తాను. ఇంత ముచ్చటైన సైన్ పెన్ను జపాన్‌లో అమ్ముడుపోలేదు! చికాగోలో జరిగిన స్టేషనరీ ప్రదర్శనలో ఊరికే పంచిపెట్టారట. అందులో ఒకటి చేతులు మారి అమెరికా అధ్యక్షుడు లిండన్ జాన్సన్ దాకా వెళ్ళిందనీ, ఆయన ముచ్చటపడి డజన్లకొద్దీ తెప్పించుకున్నాడనీ కంపెనీ ఇప్పటికీ చెప్పుకుంటుంది. తర్వాత జెమిని వ్యోమగాములూ దాన్ని అంతరిక్షానికి పట్టుకెళ్ళారు. అప్పుడు గానీ సొంత ఊళ్ళో గిరాకీ రాలేదు.

పనితనం ఉంటే సరుకు దానంతటదే నిలబడుతుంది, ప్రచారం చేతకానివాడికి — ఇన్నాళ్ళూ నా వాదన ఇదే. దానికి సాక్ష్యంగా నేను నిలబెట్టేది రత్నం పెన్నులు చేసిన కోసూరి వెంకటరత్నంగారినే. ఇప్పుడు ఆయన కథనే మళ్ళీ చూస్తున్నాను. స్వదేశీ పెన్ను చేసి పంపితే 1935లో గాంధీజీ ఉత్తరం రాశారు: వాడి చూశాను, బజారులోని విదేశీ పెన్నులకు బదులుగా పనికొచ్చేలా ఉందని. పొగడ్తలోనూ ఆయనది పొదుపే. కానీ రత్నం పెన్నంటే మనం ఇవాళ్టికీ ముందు చెప్పుకునేది పాళీ సంగతా, ఆ ఉత్తరం సంగతా? నేనైతే ప్రతిసారీ ఉత్తరంతోనే మొదలుపెట్టాను.

కాబట్టి సన్మానాలు చేసేవారికి ఒక మనవి. శాలువాలు చాలించి, రాజమండ్రిలో లేతు మీద తిప్పి చేసిన ఎబొనైట్ పెన్నులు ఇవ్వండి. ఇచ్చి ఊరుకోకండి. మంత్రిగారిచేత అక్కడే దాంతో ఒక సంతకం పెట్టించి, ఫొటో తీయించి, పేపర్లకు పంపండి. మా పేపరుకైతే నేనే చెప్పి వేయిస్తాను.