అదృశ్య కిరణములకై నిర్మించిన కన్ను: రికార్డో జియాకోనీ శాస్త్రజీవితము

భూమిని ఆవరించియున్న వాయుమండలము మన ప్రాణములకు రక్షణకవచము. కాని ఎక్స్ కిరణముల ద్వారా ఆకాశమును పరిశీలింపగోరు ఖగోళ శాస్త్రజ్ఞునకు అదియే దుర్భేద్యమైన అడ్డుతెర. నక్షత్రలోకమునుండి వచ్చు ఈ కిరణములు నేలను చేరకమునుపే గాలిలో అణగిపోవును. కావున ఈ విద్యను అభ్యసించువానికి కొండశిఖరముపై దూరదర్శినిని నిలిపి రాత్రులు మేల్కొనుట చాలదు. తన కన్నును తానే నిర్మించి, గాలిపొరలను దాటించి, అది పంపు సంకేతములను ఒక్కొక్కటిగా లెక్కించుకొనవలెను. కృష్ణబిలములను ఊహించిన సిద్ధాంతకర్తలను మనము వేనోళ్ల స్తుతింతుము; వాని జాడ తెలుపు పరికరములను కల్పించినవారిని మాత్రము పనివాండ్రుగనే తలంతుము. ఈ తారతమ్యము న్యాయము కాదని జియాకోనీ జీవితమును చదివిన కొలది నాకు దృఢపడినది.

1931లో ఇటలీ దేశపు జెనోవా నగరమున జన్మించి, మిలాన్ విశ్వవిద్యాలయమున విశ్వకిరణములను గూర్చి పరిశోధించి 1954లో డాక్టరేటు పొందిన ఈయన, అమెరికాకేగి, 1959లో మసాచుసెట్స్ రాష్ట్రమందలి ఒక చిన్న సంస్థలో చేరెను. అచ్చట బ్రూనో రోసీ అను పెద్దశాస్త్రజ్ఞుని ప్రోత్సాహమున ఎక్స్ కిరణముల వైపు మరలెను. సూర్యుడు ఎక్స్ కిరణములను వెదజల్లునని అప్పటికే తెలియును. కాని ఆ పాటి కాంతి గల నక్షత్రము దూరమున నున్నచో దానిని పసిగట్టుట అసాధ్యమని పలువురి తలంపు. అందుచేత చంద్రునిపై సూర్యకిరణములు పడి పుట్టించు ఎక్స్ కిరణములను వెదకుటయే ప్రయోగమునకు ప్రకటితలక్ష్యమయ్యెను. మొదటి యత్నము రాకెట్టు లోపమున చెడెను. రెండవదానియందు పరికరముపై తలుపులు తెరచుకొనలేదు. 1962 జూన్ 18 రాత్రి న్యూమెక్సికో ఎడారినుండి మూడవ రాకెట్టు ఎగసి, మూడు గైగర్ గణకములతో ఆరు నిమిషములకు కొంచెము తక్కువగా ఆకాశమును చూచెను. చంద్రుని జాడ కానరాలేదు గాని, వృశ్చికరాశి దిక్కున మహోజ్జ్వలమైన మూలమొకటి కనబడెను. దానితోపాటు ఏ దిక్కునకు తిరిగినను ఆకాశమంతట వ్యాపించిన మందమైన ఎక్స్ కాంతియు గోచరించెను. మొదటిది లోకమును ఆశ్చర్యపరచెను. రెండవదాని రహస్యము తెలియుటకు నాలుగు దశాబ్దములు పట్టెను.

ఈ విద్యకు పట్టుగొమ్మ లెక్కింపు. గణకములోని వాయువును ఢీకొన్న ప్రతి కిరణకణమును ఒక విద్యుత్స్పందముగా నమోదు చేసి, అది వచ్చిన క్షణమును గుర్తించుటయే పని. 1970 డిసెంబరు 12న, కెన్యా స్వాతంత్ర్యదినమున, ఆ దేశపు తీరమందలి సముద్రవేదికనుండి ఎగసిన ఉహురు ఉపగ్రహము ఈ లెక్కను నిమిషములనుండి సంవత్సరములకు పెంచెను. మెల్లగా తనచుట్టు తాను తిరుగుచు అది ఆకాశమునంతయు గాలించి, మూడు వందలకు పైగా మూలములను పట్టికకెక్కించెను. వానిలో హంసరాశియందలి సిగ్నస్ ఎక్స్-1 విచిత్రముగా ప్రవర్తించెను. దాని కాంతి సెకనులో పదవవంతు కంటె తక్కువ కాలముననే హెచ్చుతగ్గు లగుచుండెను. ఏ వస్తువైనను కాంతి తన్ను దాటుటకు పట్టు కాలము కంటె వేగముగా మొత్తముమీద మిణుకరింపజాలదు. సెకనులో పదవవంతు కాలమున కాంతి పోవునది 30,000 కిలోమీటర్లు. అనగా ఆ కిరణములు పుట్టు చోటు సూర్యునికంటె ఎన్నో రెట్లు చిన్నది. ఒక కాలసూచికనుండి పరిమాణమును రాబట్టిన ఈ తర్కము నాకు ఈ శాస్త్రమంతటిలోను అత్యంత మనోహరము. రేడియో పరిశీలకులు దాని స్థానమును నిర్దేశింపగా, వెబ్‌స్టర్, మర్డిన్ అను వారు ఇంగ్లండునను, బోల్టన్ కెనడాయందును ఆ చోటనున్న నీలి నక్షత్రము 5.6 దినములకొకసారి కంటికి కానరాని తోడును చుట్టివచ్చుచున్నదని తెలిసికొనిరి. ఆ తోడు బరువు న్యూట్రాన్ తార మోయగల పరిమితిని మించినది; కావున అది కృష్ణబిలమే కావలెను. నక్షత్రమునుండి ఊడివచ్చు వాయువు దానిలో పడుచు, సుడులు తిరిగి, కోట్ల డిగ్రీలకు వేడెక్కి, అంతర్ధానమగుటకు ముందు ఎక్స్ కిరణములను విరజిమ్ముచుండును.

ఈ వేటలో మన నేలకును వాటా కలదు. 1968 ఏప్రిల్‌లో టాటా ప్రాథమిక పరిశోధన సంస్థవారు హైదరాబాదునుండి బెలూనును పంపి వృశ్చికరాశి మూలమును పరిశీలించిరి. భూమి అయస్కాంతమధ్యరేఖకు చేరువనుండుటచే ఈ ప్రాంతమునకు విశ్వకిరణముల బెడద తక్కువ. కావున లెక్కలో కల్తీయు తక్కువ. ఆ పరంపరయే 2015 సెప్టెంబరు 28న శ్రీహరికోటనుండి ఎగసిన ఆస్ట్రోశాట్‌గా పరిణమించెను.

ఇక గణకము చూచినది కాంతియే గాని రూపము కాదు. రూపమునకు దర్పణము వలయును. మామూలు దర్పణమును నేరుగా తాకిన ఎక్స్ కిరణము ప్రతిఫలింపక అందులోనే ఇంకిపోవును. చెరువునీటిపై ఏటవాలుగా విసరిన పెంకు మునుగక ఎగిరి సాగిపోవునట్లు, మిక్కిలి వాలుగా తాకినపుడే ఈ కిరణము మరలును. అందుచే దర్పణములను గొట్టములవలె మలచి, ఒకదానిలో నొకటి అమర్చి, లోపలి తలమును అణువుల మందమువరకు నునుపు చేయవలెను. జర్మనీయుడు వోల్టర్ 1952లో సూచించిన ఆకృతిని ఆకాశమునకు అన్వయింపవచ్చునని జియాకోనీ, రోసీ 1960లో, అనగా వృశ్చికమూలము కనబడకమునుపే, ప్రకటించిరి. 1963లో జియాకోనీ 1.2 మీటర్ల వ్యాసముగల దూరదర్శినికి ప్రణాళిక సమర్పించెను. 1978లో ఐన్‌స్టీన్ వేధశాల తొలిమెట్టయ్యెను. సుబ్రహ్మణ్య చంద్రశేఖరుని పేర చంద్ర ఎక్స్ కిరణ వేధశాల 1999 జూలై 23న ఎగసెను. దాని పెద్ద దర్పణపు వ్యాసము 1.2 మీటర్లే! ముప్పదియాఱు సంవత్సరములు ఒక కొలతను విడువక పట్టియుండుట ఏ సిద్ధాంతకర్త ప్రతిభకు తీసిపోవును?

ఈ నడుమ ఆయన హబుల్ దూరదర్శిని పరిశోధనలను నడపు సంస్థకును, ఐరోపా దక్షిణ వేధశాలకును అధిపతిగా పనిచేసెను. 2002లో నోబెల్ బహుమానమందెను. కాని డెబ్బది యేండ్లకు చేరువైన వేళ ఆయన పూనుకొన్న పనియే నాకు ప్రధానముగా తోచును. చంద్ర దూరదర్శినిని దక్షిణాకాశమున ఒక చిన్న మచ్చపై పదిలక్షల సెకనులు నిలిపి, 1962నాటి ఆ మందకాంతిని ఆయన బృందము పరీక్షించెను. ఏకముగా కనబడిన ఆ కాంతి వందలకొలది బిందువులుగా విడిపోయెను. వానిలో అత్యధికము దూరగెలాక్సీల గర్భములందు వాయువును మింగుచున్న మహాకృష్ణబిలములని తేలెను.