మంద్రస్థాయి మహారథి: రే బ్రౌన్ డబుల్ బేస్ వాదనము

జాజ్ కచేరీలో శ్రోతల చూపు మొదట ట్రంపెట్ వాదకుని బుగ్గలమీదను, పియానో వాదకుని వ్రేళ్లమీదను వ్రాలును. వారి వెనుక, తనకంటె ఎత్తైన కొయ్యవాద్యమును మేనికి ఆనించుకొని నిలిచియున్న డబుల్ బేస్ వాదకుని గమనించువారు అరుదు. అయినను ఆ వెనుకనున్నవాడు ఒక్క ఆవృత్తము పాటు చేయి నిలిపినచో, ముందున్నవారి వైభవమంతయు ఎట్లు నీరుగారిపోవునో విన్నవారికే తెలియును. ఆ వెనుక వరుసలో అర్ధశతాబ్దికి పైగా నిలిచి, దానినే సింహాసనముగా జేసికొన్నవాడు రే బ్రౌన్. ఆయనను మించిన స్వరకర్తలు నిస్సంశయముగా కలరు. ఆయనకంటె వేగముగా వ్రేళ్లు కదిపినవారును కలరు. కాని ఇతరుల సంగీతమును గొప్పగా వినిపింపజేయు విద్యలో ఆయనకు సాటి లేడని నా నిశ్చితాభిప్రాయము. ఈ విషయమున నాకు తటస్థత లేదని ముందే విన్నవించుకొనుచున్నాను.

వాద్యము పుట్టుపూర్వోత్తరములను గూర్చిన పండితవాదములు మనకు అక్కరలేదు. మన కర్ణాటక విద్వాంసులు అక్కున జేర్చుకొన్న వయొలిన్ పంక్తిలో ఇది అన్నింటికంటె పెద్దది. ఆరడుగుల యెత్తు, ముఖమునకు స్ప్రూస్ కొయ్య, వీపునకు మేపుల్ కొయ్య, ఇ, ఎ, డి, జి స్వరములకు శ్రుతి చేసిన నాలుగు తంత్రులు. పూర్వము ఆ తంత్రులను గొఱ్ఱె ప్రేగులతో చేయుచుండిరి. తరువాత ఉక్కు తీగలు వచ్చినవి. న్యూ ఆర్లియన్స్ వాడైన పాప్స్ ఫాస్టర్ తీగను లాగి పలకపై చఱచి వాయించెను; కౌంట్ బేసీ బృందమున వాల్టర్ పేజ్ దానికి నిలుకడగల నడకను నేర్పెను.

ఆ నడకనే వాద్యకారులు వాకింగ్ అందురు. బారు అను తాళఖండమునకు నాలుగు దెబ్బలు, దెబ్బకు ఒక స్వరము. 12 బార్ల బ్లూస్‌లో ఒక ఆవృత్తమునకు 48 స్వరములు. చెప్పుటకు ఇంతే. కాని ఆ 48 స్వరములును అప్పటికప్పుడు మనోధర్మముతో పుట్టవలసినవే: మొదటి దెబ్బకు కార్డ్ (ఒక్కుమ్మడి పలుకు స్వరముల కూర్పు) మూలస్వరమును స్థాపించి, నాలుగవ దెబ్బకు రానున్న కార్డునకు అర్ధస్వరము దూరమున నిలిచి, నడుమనున్న రెండింటితో ఒక చిన్న రాగమును అల్లవలెను. వీణకువలె మెట్లు లేని ఆ పలకమీద, క్రింది స్థానములలో ఎడమచేతి వ్రేళ్లన్నియు చాచినను ఒక పూర్తి స్వరాంతరము మాత్రమే అందును. కనుక చేయి నిరంతరము మీదికిని క్రిందికిని ప్రయాణము చేయుచునే యుండవలెను, దిగిన ప్రతిచోటను శ్రుతి తప్పక నిలువవలెను. నిమిషమునకు 300 దెబ్బల వేగమున, ఇది సెకనుకు అయిదు మార్లు!

రే బ్రౌన్ ఈ కష్టమును కష్టముగా కనబడనీయలేదు. కుడిచేతి చూపుడువ్రేలి కొనతో గిల్లుట గాక, చేదను పైకి లాగువాడు త్రాటిని పట్టినట్లు, వ్రేలి ప్రక్క కండనంతను తీగకు ఆనించి లాగెడివాడు. అందుచేతనే ఆ నాదమున కొయ్య పలుకును, గాలి కదలును. తరువాతి స్వరము పుట్టువఱకు ఎడమచేతి అదుపు సడలదు. కాబట్టి స్వరమునకును స్వరమునకును నడుమ చీలిక కనబడదు. కాలప్రమాణమున ఆయన దెబ్బ ఇసుమంత ముందుకు వ్రాలుచుండును. అది తొందర కాదు, బృందమంతటిని చేయిపట్టి నడిపించు చొరవ. దెబ్బల సందులలో ఖాళీ తీగల మీదుగా జార్చెడి చిన్న చిన్న చినుకులవంటి స్వరములను విని పరవశింపని డ్రమ్ము వాదకుడు ఉండడు.

ఆయన 1926 అక్టోబరు 13న పిట్స్‌బర్గ్ నగరమున జన్మించెను. బాల్యమున నేర్చినది పియానో; ఉన్నత పాఠశాలలో పియానోకై పోటీపడువారు పెక్కురు, బేస్ మాత్రము వాయించువాడు లేక పడియుండెను. పాఠశాల వాద్యమునే ఇంటికి గొనిపోయి ఊరి కచేరీలలో వాయించుచుండగా, పత్రికలో పడిన ఫొటోను ఉపాధ్యాయుడు చూచి ఆ సదుపాయము మాన్పించెననియు, అంతట తండ్రియే ఒక వాద్యమును కొనిపెట్టెననియు చెప్పుదురు.

ఆయనకు అసలు గురువు గ్రామఫోను రికార్డులలోని జిమ్మీ బ్లాంటన్. 1939లో డ్యూక్ ఎల్లింగ్టన్ బృందమున చేరిన ఆ యువకుడు, అంతవఱకు తాళము కొలుచుటకే పరిమితమైన వాద్యమునకు వాక్కు నిచ్చెను. ఎల్లింగ్టన్ స్వయముగా పియానోపై సహకరింపగా జంట వాదనములను రికార్డు చేసెను. క్షయవ్యాధికి లోనై 1942లో, ఇరువదిమూడేండ్ల ప్రాయమున అస్తమించెను. ఆ దీపమునుండి వెలిగించుకొన్న వారిలో అగ్రగణ్యుడు రే బ్రౌన్.

1945లో న్యూయార్కు చేరిన తొలిరాత్రియే, పియానో వాదకుడు హ్యాంక్ జోన్స్ ఆయనను ట్రంపెట్ వాదకుడు డిజ్జీ గిలెస్పీకి పరిచయము చేసెను. మరునాటి అభ్యాసమునకు పోయి చూడగా, ఎదుట చార్లీ పార్కర్, బడ్ పవెల్, మాక్స్ రోచ్! ఇరువది నిండని పిట్స్‌బర్గ్ బాలుడు ఆ సింహముల నడుమ తడబడకపోవుటయే గాక, అనతికాలముననే గిలెస్పీ పెద్ద బృందమున తన వాద్యమునకై కూర్చిన రచనలకు నాయకుడయ్యెను. 1947లో గాయని ఎల్లా ఫిట్జ్‌జెరాల్డ్‌ను వివాహమాడెను. 1953లో వారు విడిపోయిరి. విడిపోయిన పిదప కూడ ఆమె గానమునకు ఆ చేయి ఆధారము నిచ్చుచునే యుండెను.

1951 మొదలు 1966 వఱకు పియానో వాదకుడు ఆస్కార్ పీటర్సన్ బృందమున గడచిన పదునైదేండ్లు ఈ విద్యకు స్వర్ణయుగము. పీటర్సన్ వేగము ఏనుగుల మంద పరుగు; దాని కింద నేల కదలకుండ పట్టియుంచుట ఎవరితరము? 1962 నాటి ‘నైట్ ట్రెయిన్’ రికార్డును పియానోను మఱచి ఒక్కసారి బేస్ కొఱకే వినవలెను. ‘వుయ్ గెట్ రిక్వెస్ట్స్’ అను 1964 నాటి రికార్డులో ‘యూ లుక్ గుడ్ టు మీ’ యను పాటకు ఆయన కమానుతో పలికించిన ఆరంభము, ఆపై కమాను విడిచి వ్రేళ్లతో నడక సాగించిన తీరు, ఒకే వాద్యమున రెండు ఆత్మలున్నవా యను భ్రాంతిని గొల్పును. 1963లో తన అభ్యాసక్రమమును గ్రంథముగా ప్రకటించెను. 1966లో లాస్ ఏంజిలిస్‌కు తరలి స్టూడియోలలో లెక్కకు మిక్కిలి రికార్డులకు వాయించెను. 1972లో సాక్షాత్తు ఎల్లింగ్టన్ ప్రక్కన కూర్చుండి బ్లాంటన్ స్మృతికి ఒక రికార్డును అంకితము చేసి గురుఋణము తీర్చుకొనెను. జాన్ క్లేటన్‌ను శిష్యునిగా తీర్చిదిద్దెను. క్లేటన్, క్రిస్టియన్ మెక్‌బ్రైడ్‌లను వెంటబెట్టుకొని మూడు బేసులతోనే కచేరీ చేసెను. గాయని డయానా క్రాల్ ప్రతిభను ఆమె చిన్నతనముననే గుర్తించి ప్రోత్సహించెను. 2002 జులై 2న ఇండియానాపొలిస్‌లో, ఆ రాత్రి కచేరీకి ముందు విశ్రమించి, నిద్రలోనే కన్నుమూసెను.

ఇంతటి విద్యకు నేడు పట్టిన గతి చూడుడు! తీగలను పలకకు అంటీయంటనట్లు దించి, వాద్యమునకు కంపనమును విద్యుత్తుగా మార్చు పికప్ ఒకటి తగిలించి, వైరును యాంప్లిఫయరునకు కలిపినంతనే బేస్ వాదకుడు అయిపోయినట్లే. వ్రేలికి శ్రమ లేదు, కొయ్యకు పని లేదు. వినవచ్చునది రబ్బరు సాగదీసినట్టి ఒక రొద. 1970ల నాటి ఎన్నో రికార్డులు, వాద్యము ముందు మైకు పెట్టక వైరునే నేరుగా టేపు యంత్రమునకు తగిలించిన పాపమున, మహావాదకుల నాదమును సైతము వికృతము చేసినవి. రే బ్రౌన్ కూడ పెద్ద మందిరములలో యాంప్లిఫయరు పెట్టుకొనలేదా యని అడుగువారు కలరు. పెట్టుకొనెను, కాని ఆ పెట్టె ఆయన వ్రేళ్లు పుట్టించిన నాదమును దూరమునకు మోసెనేగాని, నాదమును తానే పుట్టింపలేదు. 1951లో లియో ఫెండర్ విపణికి తెచ్చిన ఎలక్ట్రిక్ బేస్ మీదను నాకు ద్వేషము లేదు; అది వేరొక వాద్యము, దాని మహానుభావులు దానికి కలరు. నా కోపమంతయు కీబోర్డుపై ఒక మీట నొక్కి డబుల్ బేస్ ధ్వనిని అనుకరించి, ఒక వాదకుని కూలి మిగిల్చితిమని సంబరపడు లోభుల మీద.

మఱియొక వర్గము సుతిమెత్తని అపచారము చేయుచున్నది. బేస్ వాదకుడు స్కాట్ లఫారో బిల్ ఎవాన్స్ పియానోతో సమానముగా సంభాషించినవాడు. 1961లో న్యూయార్కు జాజ్ క్లబ్బైన విలేజ్ వాన్‌గార్డ్‌లో ఆ అపూర్వ వాదనము రికార్డయిన 11 దినములకు, ఇరువదియైదేండ్ల ప్రాయమున కారు ప్రమాదమున మరణించెను. ఆ ప్రతిభకు నేనును శిరస్సు వంచుదును. కాని ఆయన పేరు చెప్పుకొని, నాలుగు దెబ్బలు నిలుకడగా నడవలేని వారెల్లరు సంభాషణకు దిగుచున్నారు! అందఱును మాటలాడువారే యైనచో ఆధారము పట్టువాడెవ్వడు?

కావున ఈ విద్య నేర్పువారికి నా మనవి: శిష్యుని మొదటి సంవత్సరము వైరు ముట్టనీయకుడు, గది చివరివఱకు కొయ్యనాదము వినబడువఱకు సోలో మాట యెత్తనీయకుడు. అమెరికాలో స్థిరపడిన మన తెలుగు కుటుంబములవారికి మఱియొక మనవి: పాఠశాలలో వాద్యము ఎంచుకొను వేళ మీ బిడ్డ డబుల్ బేస్ వైపు చేయి చాచినచో, బరువనియు, వెనుక వరుసయనియు నిరుత్సాహపఱపకుడు. ముందువరుసకు ఎక్కువమంది సిద్ధముగా ఉన్నారు. బృందములకు కొఱతగా ఉన్నది ఆ వెనుక నిలువగల చేయియే.